విలోమం లేకపోతే లెక్క ముగిసినట్టేనా?

ప్రశ్న: నమస్తే సార్. మాది పాకాల. రోజూ బస్సులో తిరుపతికి వచ్చి డిగ్రీలో మ్యాథ్స్ చదువుతున్నాను. నాన్న ఊళ్ళో చిల్లర అంగడి నడుపుతారు. మొన్న ఇంటర్నల్ పరీక్షలో మాత్రికల (అంకెలను వరుసలుగా పేర్చిన పట్టికలు, మ్యాట్రిక్స్) మీద రెండు లెక్కలు వచ్చాయి. మొదటిదాంట్లో తెలియని మాత్రికను కనుక్కోమన్నారు. ఇచ్చిన మాత్రిక నిర్ధారకం (డిటర్మినెంట్) సున్నా వచ్చింది. విలోమం (గుణిస్తే యూనిట్ మాత్రిక వచ్చే ఇన్వర్స్) ఉండదు కాబట్టి ‘సాధన లేదు’ అని రాశాను. మార్కులు వెయ్యలేదు. రెండోదాంట్లో ఒక మాత్రిక ఇచ్చి, దాన్ని ఎడమవైపు నుంచి గుణించినా కుడివైపు నుంచి గుణించినా ఒకే జవాబు వచ్చే మాత్రికలన్నీ కనుక్కోమన్నారు. యూనిట్ మాత్రిక (కర్ణం మీద 1లు, మిగతా గళ్ళలో 0లు ఉన్నది) అని రాసి ఆపేశాను. దానికీ మార్కులు రాలేదు. ఇంటర్‌లో విలోమ పద్ధతి, నిర్ధారకాలతో చేసే క్రామర్ పద్ధతి తప్పు లేకుండా చేసేదాన్ని. ఇప్పుడు మాత్రిక సమీకరణం కనిపిస్తే చాలు, టెన్షన్‌తో చెయ్యి ఆడడం లేదు. నాకు మ్యాథ్స్ రాదేమో అనిపిస్తోంది. నేనెక్కడ తప్పు చేశాను సార్?
— ఒక విద్యార్థిని, పాకాల

సమాధానం: అమ్మా, నువ్వు పంపిన రెండు లెక్కలూ కాగితం మీద చేసి చూశాను. నీకు మ్యాథ్స్ రాకపోవడం కాదు. నిర్ధారకం నువ్వు సరిగ్గానే కట్టావు. విలోమం ఉండదన్నదీ నిజమే. తప్పంతా ఆ తర్వాత రాసిన ‘కాబట్టి’ దగ్గరుంది. అలిపిరి మెట్ల దారి ఒకరోజు మూసేశారనుకో, కొండ మీదికి వెళ్ళలేమని ఎవరూ అనరు. శ్రీవారి మెట్టు ఉంది, ఘాట్ రోడ్డు ఉంది. విలోమం కూడా జవాబుకు వెళ్ళే దారుల్లో ఒకటి మాత్రమే. ఆ దారి మూసుకుపోయిందంటే జవాబు లేదని అర్థం కాదు.

ముందు అక్షరాల సంగతి చూద్దాం. ఇచ్చిన మాత్రికను ‘అ’ అనీ, కుడివైపు ఉన్నదాన్ని ‘బ’ అనీ, తెలియని మాత్రికను ‘క్ష’ అనీ రాస్తాను. ఎక్స్ కిరణాలను క్ష కిరణాలు అంటున్నాం కదా, ఇదీ అంతే. ‘క్ష’లో నాలుగు గళ్ళున్నాయి. వాటికి మన పాత బీజగణితంలోని పేర్లే పెడదాం. 12వ శతాబ్దంలో భాస్కరాచార్యుడు తెలియని రాశుల్లో మొదటిదాన్ని యావత్తావత్ అన్నాడు. తర్వాతివాటికి కాలకం, నీలకం, పీతకం అంటూ రంగుల పేర్లు వాడి, వాటి తొలి అక్షరాలతోనే సమీకరణాలు రాశాడు. యా, కా, నీ, పీ. మనకు కావలసినవి సరిగ్గా నాలుగే.

నీ మొదటి లెక్క అ × క్ష = బ. అందులో

అ =
[ 1   2 ]
[ 2   4 ]

క్ష =
[ యా   కా ]
[ నీ   పీ ]

బ =
[ 5   3 ]
[ 10   6 ]

నిర్ధారకం 1 × 4 − 2 × 2 = 0. నువ్వు ఇక్కడే పెన్ను దించేశావు. దించకుండా ఎడమవైపు గుణకారం చేసి (‘అ’ అడ్డ వరుసను ‘క్ష’ నిలువు వరుసతో గడికి గడి గుణించి కూడి), వచ్చిన ప్రతి గడినీ కుడివైపు గడితో సమానం చేసి రాయి. ఇవి వస్తాయి:

యా + 2నీ = 5
2యా + 4నీ = 10
కా + 2పీ = 3
2కా + 4పీ = 6

ఇది తొమ్మిదో తరగతి పిల్లలకు కూడా అర్థమయ్యే లెక్క. రెండో సమీకరణం మొదటిదాన్ని రెట్టింపు చేసినదే. నాలుగోది మూడోదానికి రెట్టింపు. అంటే పైకి నాలుగు సమీకరణాలున్నా, మనకు కొత్త సంగతి చెప్పేవి రెండే. కాబట్టి ‘నీ’కి మనకు నచ్చిన విలువ ఇవ్వచ్చు. దాన్ని స అందాం. అప్పుడు యా = 5 − 2స. అలాగే ‘పీ’ని త అనుకుంటే కా = 3 − 2త. జవాబు ఇదీ:

క్ష =
[ 5 − 2స   3 − 2త ]
[ స   త ]

స, త రెండింటికీ 1 పెట్టి చూడు. పై వరుసలో 3, 1 వస్తాయి, కింది వరుసలో 1, 1. ఇప్పుడు ‘అ’తో గుణించు. 3 + 2 = 5, 1 + 2 = 3, 6 + 4 = 10, 2 + 4 = 6. సరిపోయింది. ఇలాంటి జవాబులు లెక్కలేనన్ని. సాధన లేదని రాసిన చోట సాధనలు అనంతంగా ఉన్నాయి.

ఇదే లెక్కలో ‘బ’ మాత్రిక చివరి గడిలో 6 బదులు 7 ఉండి ఉంటే? మొదటి నిలువు వరుసకు ఏ ఇబ్బందీ లేదు. రెండో నిలువు వరుసలో మాత్రం కా + 2పీ = 3 అని ఒక సమీకరణం చెబుతుంది, దాని రెట్టింపు 7 అని ఇంకొకటి చెబుతుంది. రెండూ నిజం కాలేవు. ఒక్క నిలువు వరుస కుదరకపోయినా మొత్తం ‘క్ష’ దొరకదు. ‘సాధన లేదు’ అని రాయాల్సింది అప్పుడు. నిర్ధారకం రెండుసార్లూ సున్నానే కదా! సాధన ఉందా లేదా అన్నది నిర్ధారకం ఒక్కటే తేల్చలేదు. అది సున్నా కాకపోతే సాధన ఒక్కటే ఉంటుందని గట్టిగా చెప్పచ్చు. సున్నా అయితే మాత్రం ‘బ’ ఏమంటోందో విని తీరాలి.

ఇది నీకు బాగా పట్టుబడే చోటు మీ అంగడే. ఒకరోజు ఒకామె వచ్చి 1 కిలో బెల్లం, 2 కిలోల చెనిగింజలు కొనుక్కుని 340 రూపాయలు ఇచ్చింది. తర్వాత ఇంకొకామె 2 కిలోల బెల్లం, 4 కిలోల చెనిగింజలు కొని 680 ఇచ్చింది. ఈ రెండు బిల్లులు చూసి బెల్లం ధర చెప్పమంటే చెప్పగలవా? చెప్పలేవు. రెండో బిల్లు మొదటిదాన్నే రెండుసార్లు చదివి వినిపించింది. బెల్లం 60, చెనిగింజలు 140 అయినా కుదురుతుంది. బెల్లం 40, చెనిగింజలు 150 అయినా కుదురుతుంది. అదే రెండో బిల్లు 690 అని ఉంటే మీ నాన్న ఏమంటారు? “రేటు మార్చకుండా ఇంత ఎట్లా అయింది, ఎక్కడో తప్పు పడింది” అంటారు. నిర్ధారకం సున్నా అంటే ఇదేనమ్మా, ఒక కొనుగోలు ఇంకోదానికి నకలు కావడం. మొత్తాలు కూడా అదే నకలును పాటిస్తే సాధనలు అనంతం, పాటించకపోతే ఒక్కటీ లేదు. డిగ్రీ పుస్తకంలో ‘అ’ ర్యాంకు (కొత్త సంగతి చెప్పే వరుసల సంఖ్య), ‘బ’ను పక్కన చేర్చిన ఆగ్మెంటెడ్ మాత్రిక ర్యాంకు సమానంగా ఉండాలి అని రాసి ఉంటుంది చూడు, ఆ వాక్యం చెప్పేది కూడా ఈ బిల్లుల సంగతే.

అంగడిలోనే ఇంకొంచెంసేపు ఉందాం. మీ అంగడితో పాటు పక్క వీధిలో ఇంకో అంగడి కూడా ఉందనుకో. ఒక ఇంటి చీటీలో 2 కిలోల బెల్లం, 1 కిలో చెనిగింజలు. ఇంకో ఇంటి చీటీలో 3 కిలోల బెల్లం, 2 కిలోల చెనిగింజలు. ఈ రెండు చీటీలే మాత్రిక ‘అ’. మీ అంగడిలో మొదటి చీటీకి 260, రెండో చీటీకి 460 అయింది. పక్క అంగడిలో మొదటిదానికి అంతే, 260. రెండోదానికి 465. ఈ నాలుగు మొత్తాలు మాత్రిక ‘బ’. ‘క్ష’లో మొదటి నిలువు వరుస మీ ధరలు, రెండో నిలువు వరుస వాళ్ళ ధరలు. మీ ధరలు కనుక్కోవడానికి వాళ్ళ బిల్లులు అక్కర్లేదు, వాళ్ళ ధరలకు మీ బిల్లులు అక్కర్లేదు. ఇందాక నిలువు వరుసలను దేనికది విడిగా చూసింది ఇందుకే. కానీ చీటీలు మాత్రం ఇద్దరికీ అవే. కాబట్టి వాటి మీద చేసే పనిని రెండుసార్లు చెయ్యనక్కర్లేదు. గీతకు ఎడమవైపు చీటీలు, కుడివైపు మొత్తాలు రాసుకుని ఒకేసారి కానిద్దాం:

[ 2   1 | 260   260 ]
[ 3   2 | 460   465 ]

కింది వరుసలోంచి పై వరుసను తీసేయి:

[ 2   1 | 260   260 ]
[ 1   1 | 200   205 ]

పై వరుసలోంచి కింది వరుసను తీసేయి:

[ 1   0 | 60   55 ]
[ 1   1 | 200   205 ]

మళ్ళీ కిందిదాంట్లోంచి పైదాన్ని తీసేస్తే:

[ 1   0 | 60   55 ]
[ 0   1 | 140   150 ]

మీ అంగడిలో బెల్లం 60, చెనిగింజలు 140. వాళ్ళ దగ్గర 55, 150. మూడు తీసివేతలతో అయిపోయింది. నిర్ధారకం అడగలేదు, విలోమం అడగలేదు, భిన్నాలు రాలేదు. మొదటి చీటీకి రెండు అంగళ్ళలోనూ 260 అయినంత మాత్రాన ధరలు ఒకటి కావని కూడా తేలింది.

ఇప్పుడు ఒక మాట చెబుతాను, ఇది అర్థమైన రోజు నాకు చాలా సంతోషం కలిగింది. ‘బ’ స్థానంలో యూనిట్ మాత్రికను పెట్టి ఇదే పని చెయ్యి. అ × క్ష = యూనిట్ మాత్రిక. దాని సాధన ఏమిటి? ‘అ’ విలోమమే! అంటే విలోమం కనుక్కోవడమే ఒక మాత్రిక సమీకరణాన్ని సాధించడం. ముందు ఆ సమీకరణాన్ని సాధించి, ఆ వచ్చినదాన్ని మళ్ళీ ‘బ’తో గుణించే బదులు నేరుగా ‘బ’తోనే సాధిస్తే పని తగ్గుతుంది. విలోమం కోసం మూడు వరుసల మాత్రికకు అనుబంధ మాత్రిక (అడ్జాయింట్) పద్ధతిలో తొమ్మిది చిన్న నిర్ధారకాలు కట్టాలి, ఒక్క గుర్తు తారుమారైనా మొత్తం పోతుంది. ఎందరో పిల్లలు లెక్క తెలిసి కూడా ఆ ప్లస్ మైనస్‌ల దగ్గర మార్కులు పోగొట్టుకోవడం చూశాను. కంప్యూటర్ల చేత పెద్ద సమీకరణాల వ్యవస్థలను సాధింపజేసేవాళ్ళు కూడా సాధారణంగా విలోమం జోలికి పోరు. ఇలా వరుసలను తీసివేసుకుంటూ వెళ్ళే పద్ధతినే వాడతారు.

చరిత్ర చూసినా సమీకరణాలే ముందు, మాత్రిక తర్వాత. మాత్రికకు ఇంగ్లిష్‌లో వాడే మ్యాట్రిక్స్ అనే మాటను ఇంగ్లండ్ గణితజ్ఞుడు సిల్వెస్టర్ 1850లో పెట్టాడు. మాత్రికల కూడిక, గుణకారాలను కేలీ 1858లో ఒక పద్ధతిలోకి తెచ్చాడు. క్రామర్ సూత్రం 1750 నాటిది, అంటే మాత్రికల కంటే వందేళ్ళ పెద్దది. మనం గాస్, జోర్డాన్ పేర్లతో పిలిచే తీసివేత పద్ధతి వాళ్ళిద్దరికీ ఎంతో ముందుది. చైనాలో తొమ్మిది అధ్యాయాల ప్రాచీన గణిత గ్రంథం ఒకటుంది. దాని ఎనిమిదో అధ్యాయం మొత్తం ఇదే పని, లెక్కపుల్లలను వరుసల్లో పేర్చి ఒకదాంట్లోంచి ఒకటి తీసేయడం. ఆ గ్రంథానికి లియు హుయ్ 263లో వ్యాఖ్యానం రాశాడు.

మనవైపు వస్తే, 9వ శతాబ్దంలో రాష్ట్రకూట రాజు అమోఘవర్షుడి కాలంలో జైన గణితజ్ఞుడు మహావీరాచార్యుడు గణితసారసంగ్రహం రాశాడు. 11వ శతాబ్దంలో పావులూరి మల్లన దాన్ని తెలుగులోకి తెచ్చాడు. మహావీరుడి గ్రంథంలో ఒక లెక్క ఉంది. 9 మాదీఫలాలు, 7 వెలగపండ్లు కలిపి వెల 107. 7 మాదీఫలాలు, 9 వెలగపండ్లు కలిపి 101. ఒక్కోదాని వెల ఎంత? రెండూ కలుపు. 16 మాదీఫలాలు, 16 వెలగపండ్లు 208, అంటే జత 13. ఒకదాంట్లోంచి ఇంకోదాన్ని తీసేయి. రెండు మాదీఫలాలు రెండు వెలగపండ్ల కంటే 6 ఎక్కువ, అంటే ఒకటి 3 ఎక్కువ. మాదీఫలం 8, వెలగపండు 5. ఇంత అందంగా పడే లెక్కకు విలోమం కట్టుకుంటూ కూర్చుంటామా? మాత్రిక సమీకరణం అంటే ఇలాంటి సమీకరణాలన్నీ కలిపి కట్టిన మూట. భయం వేసినప్పుడు ముడి విప్పు, లోపల నీకు తెలిసిన సరుకే ఉంటుంది.

ఇక రెండో లెక్కకు వద్దాం. నాకు దీని మీద ఎక్కువ మక్కువ. ఎందుకంటే ఇక్కడ నిర్ధారకం సున్నా కాదు, విలోమం ఉంది, అయినా అది అక్కరకు రాదు. అడిగింది అ × క్ష = క్ష × అ.

అ =
[ 1   2 ]
[ 0   3 ]

విలోమంతో గుణిస్తే ఎడమవైపు ‘క్ష’ ఒంటరిగా మిగులుతుంది గానీ, కుడివైపు ఇంకో ‘క్ష’ అలాగే ఉండిపోతుంది. కొందరు కుడివైపుదాన్ని ఇటు తెచ్చి, ‘క్ష’ను ఉమ్మడిగా బయటికి తీసి, ‘అ − అ’ సున్నా కాబట్టి అన్ని మాత్రికలూ సరిపోతాయని రాస్తారు. ‘క్ష’ ఒకచోట కుడివైపు, ఇంకోచోట ఎడమవైపు ఉంది. దాన్ని ఉమ్మడిగా తీయడానికి వీల్లేదు. మాత్రికల్లో ఎవరు ఎటువైపు ఉన్నారన్నది ముఖ్యం.

మూట విప్పుదాం. అ × క్ష ఇదీ:

[ యా + 2నీ   కా + 2పీ ]
[ 3నీ   3పీ ]

క్ష × అ ఇదీ:

[ యా   2యా + 3కా ]
[ నీ   2నీ + 3పీ ]

గడికి గడి సమానం చెయ్యి. మొదటి గడి: యా + 2నీ = యా, కాబట్టి నీ = 0. మూడో గడి: 3నీ = నీ, మళ్ళీ అదే. నాలుగో గడి: 3పీ = 2నీ + 3పీ, మళ్ళీ అదే. మూడు గళ్ళు ఒకే మాట చెప్పాయి. మిగిలిన రెండో గడి: కా + 2పీ = 2యా + 3కా, అంటే పీ = యా + కా. అంతే! జవాబు:

క్ష =
[ యా   కా ]
[ 0   యా + కా ]

యా, కా రెండూ మన ఇష్టం. యా = 1, కా = 0 అంటే నువ్వు రాసిన యూనిట్ మాత్రిక వస్తుంది. యా = 1, కా = 2 అంటే ‘అ’ మాత్రికే వస్తుంది. అది రావాలి కూడా. ‘అ’ను ‘అ’తో ఎటునుంచి గుణించినా ఒకటే కదా. నువ్వు రాసింది తప్పు కాదమ్మా. అడిగింది ‘అన్నీ’, నువ్వు ఇచ్చింది ఒక్కటి. ఊహించి చెప్పడానికీ సాధించడానికీ తేడా ఇదే. సమీకరణాలు రాసి సాధిస్తే ఏదీ జారిపోదు. ఈ లెక్కలో నిలువు వరుసలు విడిపోలేదని కూడా గమనించు. ‘క్ష’ రెండువైపులా ఉన్నప్పుడు గళ్ళన్నీ కలిసిపోతాయి, అంగళ్ళ లెక్కలాగా సగం సగం చెయ్యలేం. మూడు వరుసల మాత్రిక అయితే తొమ్మిది తెలియనివి, తొమ్మిది సమీకరణాలు. భయపడకు, వాటిలో చాలావరకు ఇలాగే చెప్పిందే చెబుతుంటాయి.

క్ష × అ = బ అని వస్తే నిలువు వరుసల బదులు అడ్డ వరుసలు విడిపోతాయి. విలోమంతో చేసినా దాన్ని కుడివైపే పెట్టాలి. ఇది నువ్వే విప్పి చూసుకోగలవు.

గైడ్లలో కనిపించే ఒక తప్పు గురించి కూడా చెప్పాలి. క్రామర్ పద్ధతిలో నిర్ధారకాలన్నీ సున్నా అయితే సాధనలు అనంతం అని రాస్తుంటారు. మూడు చరరాశులతో అది నిలవదు. మూడు రాశుల మొత్తం 1 అని ఒక సమీకరణం, అదే మొత్తం 2 అని ఇంకొకటి, 3 అని ఇంకొకటి తీసుకో. నాలుగు నిర్ధారకాలూ సున్నానే వస్తాయి. సాధన మాత్రం ఒక్కటీ లేదు. ఒకే మొత్తం 1, 2, 3 ఎట్లా అవుతుంది? నేను కొత్తగా పాఠం చెప్పే రోజుల్లో ఆ గైడు మాటనే క్లాసులో చెప్పాను. వెనక బెంచీలోంచి ఒక అబ్బాయి ఈ లెక్కే వేసి అడిగాడు. ఆ రోజు ఇంటికెళ్ళి పాఠం మొత్తం మళ్ళీ చదువుకున్నాను. సున్నా కనిపించిన చోట తొందరపడకూడదని నేను నేర్చుకున్నది ఆ అబ్బాయి దగ్గరే.

పరీక్ష సంగతి. ప్రశ్నలో ఫలానా పద్ధతిలో చెయ్యమంటే ఆ పద్ధతిలోనే చెయ్యి. పద్ధతి చెప్పకపోతే గీత గీసి వరుసలు తీసివెయ్యి. చివర్లో ఒక్క నిమిషం పెట్టుకుని జవాబును మొదటి మాత్రికతో గుణించి చూడు. రెండో లెక్కకు కొంత మార్కు రావాలనే నా అభిప్రాయం, ఒక సరైన సాధన చూపించావు కాబట్టి. జవాబు పత్రం తీసుకుని మీ లెక్చరర్‌ దగ్గరికి వెళ్ళి, పైన చేసినట్టు మిగతాది కూడా చేసి చూపించి, మర్యాదగా అడుగు. మార్కు కలిపినా కలపకపోయినా, ఈ లెక్క నువ్వు చేయగలవని ఆయనకు తెలుస్తుంది.

రేపు బస్సులో కిటికీ పక్కన సీటు దొరికితే ఇది చేసి చూడు. రెండో లెక్కలో ‘అ’ బదులు ఈ మాత్రిక పెట్టు:

[ 1   0 ]
[ 0   2 ]

తర్వాత ఆ 2 ఉన్న చోట కూడా 1 పెట్టి మళ్ళీ చెయ్యి. రెండుసార్లూ నాలుగేసి సమీకరణాలు రాయి. ఒక్క అంకె మారితే ఎన్ని గళ్ళు మన ఇష్టానికి వచ్చేస్తాయో లెక్కపెట్టి, నాకు రాసి పంపు.